పొగమంచులోంచి ‘ఏమండీ’

పక్షులు చూడ్డానికి మనుషుల్ని తీసుకువెళ్ళే ఉద్యోగం చేసి రిటైరయ్యానంటే మా అపార్ట్‌మెంట్లలో పిల్లలు నమ్మరు. "ఆంటీ, మీరు బర్డ్ గైడా?" అని నవ్వుతారు. గైడ్‌ని కాను, గైడ్ వెనకాల నడిచే మనిషిని. అమెరికాలో, మిషిగన్ రాష్ట్రం నోవైలో ఒక చిన్న టూర్ కంపెనీ ఉండేది. మన తెలుగువాళ్ళలో రిటైరైన డాక్టర్లనీ ఇంజనీర్లనీ పోగుచేసి పక్షులున్న చోట్లకి తిప్పేది. పక్షి పేరు చెప్పడం గైడ్ పని. మందులు వేసుకున్నారా, మోకాలు పట్టేసిందా, పులిహోర అందరికీ అందిందా, అన్నిటికన్నా ముఖ్యంగా అందరూ తిరిగి వ్యాన్ ఎక్కారా అన్నది నా పని. బడి మెట్లు ఎక్కనిదాన్ని, ఇంట్లో మేనత్త దగ్గర కూర్చుని నాలుగు అక్షరాలు దిద్దుకున్నదాన్ని. అలాంటి నా చేతిలో అంతమందిని పెట్టి పంపేవాళ్ళు. ఆ పని ఇచ్చినవాళ్ళని, ఇప్పించిన భగవంతుణ్ణి ఇప్పటికీ పొద్దున్న దీపం పెట్టేటప్పుడు తలుచుకుంటాను.

మీలో ఎవరైనా ఇలాంటి పనిలోకి వస్తే పక్షుల సంగతి మీకు చెప్పేవాళ్ళు చాలామంది ఉంటారు. నేను చెప్పగలిగింది ఒక్క ఉదయం గురించే.

ఆ ఏడు మా పెద్ద ప్రయాణం తూర్పు ఆఫ్రికాకి. రాజహంసలు వాలి గులాబీరంగుకి తిరిగే ఉప్పు సరస్సులు, వాటిని ఆనుకుని కొండల మీదకి పాకే అడవులు, వాటిలో జీపుల మీద తిరుగుడు. అయితే మా గైడమ్మాయికి ఒక పద్ధతి ఉండేది. ఎవరినైనా సరే, ముందు మిషిగన్ ఉత్తరాన ఉన్న సరస్సుల దగ్గరికి తీసుకువెళ్ళి నడిపించాకే విమానం ఎక్కించేది. దాన్ని రిహార్సల్ అనేది.

"మన పీపుల్ మాట్లాడకుండా ఉండలేవు ఆంటీ. ఆఫ్రికాలో గట్టిగా మాట్లాడితే బర్డ్స్ అన్నీ పోతుంది. ఇక్కడ ప్రాక్టీస్ చేసి వెళ్దాం."

ఆమె నోవైలోనే పుట్టి పెరిగింది. అప్పటికి ముప్ఫై దాటింది. అడవి జంతువుల చదువు చదువుకుని, కళ్ళు మూసుకుని చెవితోనే పక్షిని పట్టేది. తెలుగు మాత్రం మాట చివర్లు తెగ్గోసి మాట్లాడేది. మగవాళ్ళని కూడా ‘వస్తుంది, పోతుంది’ అనేది. ఎవరైనా నవ్వితే చిన్నబుచ్చుకోకుండా, "కరెక్ట్ చెయ్యండి, నేను నేర్చుకుంటా" అనేది. విన్న ప్రతి కొత్త మాటనీ వెంటనే ఎక్కడో ఒకచోట వాడి చూసేది. ఆ గుణం నాకు ముద్దొచ్చేది.

ఆ విడత మాతో వచ్చినవాళ్ళు మూడు జంటలు, ఒక ఒంటరి మనిషి. జంటల్లో ఒకాయన కార్ల కంపెనీలో ఇంజనీరుగా చేసి రిటైరయ్యారు. జోకు నోట్లోకి వస్తే మింగలేని మనిషి. ఒంటరిగా వచ్చినాయన న్యూజెర్సీలోని పార్సిప్పనీ నుంచి వచ్చిన గుండె డాక్టర్‌గారు. ఆఫ్రికా వెళ్ళాలన్న కోరిక ఆయనది కాదట, ఆయన భార్యదట. ఇద్దరికీ పేర్లు రాయించింది కూడా ఆవిడే. ఆవిడ పోయి అప్పటికి ఏడాది తిరగలేదు.

"నేను పోయుంటే తను ఆగేది కాదమ్మా. బయల్దేరి వెళ్ళిపోయేది. అందుకని నేనూ వచ్చాను," అన్నారు నాతో, ఎయిర్‌పోర్ట్ నుంచి కార్‌లో తీసుకొస్తూంటే.

ఆయన మెళ్ళో ఉన్న బైనాక్యులర్ ఆవిడది. దాని అంచున ఎర్రటి బొట్టుబిళ్ళలు రెండు అంటించి ఉన్నాయి. మన ఆడవాళ్ళం అద్దానికి అంటించినట్టే, ప్రయాణాల్లో ఆవిడ దానికి అంటించేదన్నమాట. ఇంజనీరుగారి భార్య చూసి, "అన్నయ్యగారూ, ఏదో అంటుకుంది" అని గోటితో గీకబోతే, ఆయన చెయ్యి అడ్డం పెట్టి "ఉండనీండమ్మా" అన్నారు. ఆవిడకి అప్పుడర్థమై కళ్ళు తుడుచుకుంది. ఆమెకి ఆ దంపతులతో పాతికేళ్ళ స్నేహం.

మే నెలాఖరు. తెల్లవారి వ్యాన్ దిగేసరికి పొగమంచు ఎంత దట్టంగా ఉందంటే, ఎదుటి మనిషి జాకెట్ రంగు తెలియడం లేదు. సరస్సు చుట్టూ నడవడానికి చెక్కలతో వేసిన బాట ఉంది. అది చుట్టు తిరిగి మళ్ళీ వ్యాన్ దగ్గరికే వస్తుంది. బాటకి రెండు పక్కలా పచ్చటి నాచు, అందులో అక్కడక్కడా మనిషెత్తు చెట్లు. చూడ్డానికి పచ్చికబయలులా ఉంటుంది. గైడమ్మాయి బాట మీద కూర్చుని, ఒక కాలు దించి నాచుని మెల్లగా తొక్కి చూపించింది. ఆమె తొక్కింది ఇక్కడ. పది గజాల అవతల ఒక చెట్టు తలూపింది.

"చూశారా? ఇది నేల కాదు. వాటర్ మీద కార్పెట్. కింద అంతా సరస్సే. సెంటర్‌కి వెళ్ళేకొద్దీ పల్చన అవుతుంది. దిగకండి, ప్లీజ్."

ఎవరికీ దిగాలన్న ఆలోచనే లేదు. ఆ చెట్టు అలా తలూపడం చూశాక అందరం బాట మధ్యకి జరిగాం.

వాకీటాకీలు మూడు. ముందు నడిచే గైడ్ దగ్గర ఒకటి, చివర నడిచే నా దగ్గర ఒకటి. డాక్టర్‌గారు ప్రతి చెట్టు దగ్గరా ఆగిపోతున్నారని ఆయనకొకటి ఇచ్చాం. నడుస్తూంటే ముందు ఎక్కడినుంచో ఒకావిడ గొంతు వినిపించింది.

"ఏమండీ!"

"ఆఁ" అన్నారు మూడు వైపులనుంచి ముగ్గురు మగవాళ్ళు.

అందరం నవ్వాం. ఇంజనీరుగారు, "మన ఆడవాళ్ళ పిలుపు గ్రూప్ మెయిల్ లాంటిదమ్మా. పేరుండదు, అందరికీ వెళ్తుంది. ఎవరో ఒకరు రిప్లై ఇస్తే సరి," అన్నారు. గైడమ్మాయి వెనక్కి వచ్చి, "ఏమండీ అంటే ఎక్స్‌క్యూజ్ మీ యా?" అని అడిగింది. "అదేనమ్మా, మర్యాదగా పిలవడం" అంది ఎవరో. అబద్ధం కాదు. బజారులో కొత్తవాళ్ళని కూడా అలాగే పిలుస్తాం కదా.

అప్పుడు వినిపించింది ఆ కూత.

నేను చాలా పక్షుల్ని విన్నాను. ఇది పక్షి గొంతులా లేదు. నీళ్ళ మీదనుంచి సన్నగా మొదలై, మధ్యలో గొంతు పైకి లేచి, కాసేపు అక్కడే నిలబడి, ఇంక ఎవరూ పలకరని తెలిసినట్టు దిగిపోయింది. గైడమ్మాయి వేలు పెదవుల మీద పెట్టుకుంది.

"లూన్," అంది గుసగుసగా. "పెయిర్‌లో ఒకటి ఇంకోదాన్ని పిలుస్తుంది. ‘నేను ఇక్కడున్నా, నువ్వెక్కడ’ అని."

"అంటే అదీ ‘ఏమండీ’యే అన్నమాట!" అన్నారు ఇంజనీరుగారు.

నవ్వులు ఇంకా ఆగకముందే ఆయన భార్య ఆయన్ని మోచేత్తో పొడిచింది. అందరం ఒక్కసారి డాక్టర్‌గారి వైపు చూశాం. ఆయనా చిన్నగా నవ్వుతూనే ఉన్నారు. అంతలో ఆ పక్షి మళ్ళీ కూసింది. ఈసారి ఎవరం నవ్వలేదు. ఒకసారి ఆ మాట అనేశాక ఇంక దాన్ని వేరేగా వినడం మాకెవరికీ చేతకాలేదు. ఏ... అని మొదలై, మం... దగ్గర పైకి లేచి, డీ... అని సాగుతూ నీళ్ళలోకి దిగిపోయింది. నేను మనసులో రామనామం అనుకున్నాను. ఎందుకో నాకు తెలియదు.

తర్వాత ఒకావిడకి మోకాలు పట్టేసింది. ఆమెని వచ్చిన దారినే వ్యాన్‌కి చేర్చడానికి నేను వెనక్కి తిరిగాను. డాక్టర్‌గారు ముందువాళ్ళని కలుసుకుంటానని చెప్పి, బాట పక్కనున్న గుంజకి ఆనుకుని బైనాక్యులర్ తుడుచుకుంటున్నారు.

మిగతావాళ్ళు బాట చుట్టు తిరిగి వ్యాన్ దగ్గరికి చేరేసరికి నేను నా వాకీటాకీ ఆపేసి, లోపల ఫ్లాస్కుల్లోంచి కాఫీ పోస్తున్నాను. డాక్టర్‌గారు లేరు. బయట గైడమ్మాయి వాకీటాకీలో మాట్లాడటం వినిపించింది. తర్వాత కిటికీలోంచి తల పెట్టి "అంకుల్ వస్తుంది ఆంటీ" అంది.

కాఫీలు తాగారు. జంతికలు పంచాను. మంచు విడలేదు. కబుర్లు ఒక్కొక్కటే ఆగిపోయి, అందరూ బాట వైపు చూడటం మొదలుపెట్టారు.

"ఏమన్నారమ్మా ఆయన?" అని అడిగాను.

"వస్తున్నానే, అన్నారు."

కప్పు కింద పెట్టాను. "చివర ‘నే’ ఉందా? సరిగ్గా విన్నావా?"

"ఉంది. వస్తున్నా... నే. ఎందుకు?"

ఇంజనీరుగారు "విసుక్కుని ఉంటాడు, వస్తున్నాను కదా అని. ‘నే’ కి ఏముందమ్మా!" అన్నారు. కానీ ఆయన భార్య మొహం పాలిపోయింది.

"ఆయన అలా అనేది ఒక్క వదినగారితోనే," అంది ఆవిడ. "వాళ్ళింటికి వెళ్తే రోజుకి పదిసార్లు వినేదాన్ని. వంటింట్లోంచి ఆవిడ పిలిచేది. ఈయన పేపర్ మడుస్తూ ‘వస్తున్నానే’ అనేవారు."

ఆ వయసు మనిషి, అంత మర్యాదస్తుడు, నన్ను అమ్మా అనేవారు, గైడ్‌ని తల్లీ అనేవారు. మా మేనత్త చదువు చెప్పేటప్పుడు, ఎవరు ఎవరితో మాట్లాడుతున్నారో మాట తోకలో ఉంటుంది, తోక మింగకు అనేది. నేను గైడమ్మాయి రెండు చేతులూ పట్టుకున్నాను.

"తల్లీ, నువ్వు ఆయన్ని ఏమని పిలిచావు?"

"మర్యాదగానే పిలిచా ఆంటీ. అందరూ అంటున్నారు కదా. ‘ఏమండీ, రండి’ అన్నా."

పాపం ఆ పిల్ల మా మొహాలు మార్చి మార్చి చూసింది. "వాట్? రాంగ్ వర్డా? మళ్ళీ పిలవనా?" అని వాకీటాకీ నోటి దగ్గరికి తీసుకుంది. నేను దాన్ని లాక్కున్నాను. వాకీటాకీలోంచి వచ్చే పిలుపుకి దిక్కుండదు. అది వినగానే ఆయన ఎటు నడుస్తారో ఎవరికి తెలుసు?

ఇద్దరం పరుగెత్తాం. బాట చెక్కలు తడికి జారుతున్నాయి. నేను వదిలి వచ్చిన చోటు దాటి కొంచెం ముందుకి వెళ్ళాక గైడమ్మాయి ఠక్కున ఆగింది.

బాట అంచున ఆయన బూట్లు ఉన్నాయి. పక్కపక్కన, జాగ్రత్తగా, మేజోళ్ళు మడిచి లోపల పెట్టి ఉన్నాయి. వాటి మీద వాకీటాకీ, చిన్న ఆకుపచ్చ లైటు వెలుగుతూ. మనం ఎవరింటికైనా వెళ్ళి గుమ్మం ముందు విప్పినట్టే విప్పారు.

కళ్ళు చికిలించి చూస్తే, మంచులో ఒక నీడ. నాచు మీద చాలా దూరం వెళ్ళిపోయారు. చీలమండలు దాటి మునిగిన కాళ్ళని తీరిగ్గా ఎత్తి వేస్తున్నారు. ఆయన అడుగు వేసినప్పుడల్లా మా పక్కనున్న చెట్టు తలూపుతోంది. ఆయనకీ మాకూ మధ్య ఉన్నదంతా ఒకటే చాప, మా కింద కూడా అదే నీళ్ళు.

"డాక్టర్‌గారూ!" అని అరిచాను. ఆగలేదు.

"అంకుల్! స్టాప్!" అంది గైడమ్మాయి. ఆగలేదు.

అవతల నీళ్ళ మీదనుంచి పక్షి కూసింది. ఆయన తల ఆ వైపుకి తిరిగింది. ఇంకో అడుగు. ఈసారి మోకాలి దాకా దిగి, నిలదొక్కుకుని, మళ్ళీ కాలు పీక్కున్నారు.

గైడమ్మాయి తన భుజానున్న, దుర్భిణీ నిలబెట్టే మూడుకాళ్ళ స్టాండు పూర్తిగా చాపి చేత్తో పట్టుకుంది. "నేను పడుకుని పాకుతా ఆంటీ. అలా అయితే మునగను. కానీ అంకుల్ ఆగాలి. నడుస్తూంటే నేను అందుకోలేను. ఎలాగైనా ఆపండి," అంది. ఏడుస్తూనే నాచు మీదకి బోర్లా దిగింది.

ఎలాగైనా అంటే ఒక్కటే దారి. అది నాకూ తెలుసు. మావారిని తప్ప ఆ తీరున నేనెవరినీ పిలవలేదు. బజారు ‘ఏమండీ’ వేరు, వంటింటి ‘ఏమండీ’ వేరు. ఆ తేడా మీ తరానికి చెప్పినా తెలియకపోవచ్చు. కళ్ళు మూసుకుని, ముందు భగవంతుణ్ణి, తర్వాత నేనెన్నడూ చూడని ఆ మహాతల్లిని క్షమించమన్నాను. నోరు తెరిచాను.

"ఏమండీ."

గట్టిగా అరవలేదు. ఇంట్లో ఎలా పిలుస్తామో అలాగే పిలిచాను. నీడ ఆగింది.

ఆగింది కానీ తిరగలేదు. ఎటు తిరగాలో తెలియనట్టు నిలబడింది. పక్షి ఇంకోసారి కూస్తే నా పని అయిపోయినట్టే. ఏదో ఒకటి అనాలి. ఆవిడ ఏమంటుంది? నలభై ఏళ్ళ కాపురంలో ఏ ఆడదైనా ఏమంటుంది?

"ఏమండీ... కాఫీ చల్లారిపోతోంది."

ఆయన తిరిగారు. అటు వెళ్ళినంత తీరిగ్గానే ఇటు నడిచారు. సగం దారిలో గైడమ్మాయి స్టాండు అందిస్తే, దారిలో ఉన్న కర్ర పట్టుకున్నట్టు పట్టుకున్నారు కానీ ఆమె వైపు చూడలేదు. నా వైపే చూస్తూ వచ్చారు. మంచులో నేనూ ఆయనకి నీడనే. ఒక్కో అడుగు దగ్గరయ్యేకొద్దీ నాకు పారిపోవాలనిపించింది.

బాట మీదకి ఎక్కి, నా మొహం చూసి, "మీరా" అన్నారు.

అంతే. కింద కూర్చుని ఆయన పాదాలకున్న నాచు నా కొంగుతో తుడిచాను. ఆయన వద్దనలేదు. బూట్లు వేసుకున్నాక, "కాఫీ అన్నారుగా" అని అడిగారు, పసిపిల్లాడిలా. లేచి నడిచాం. ఆ ఉదయం ఆ పక్షి ఇంక కూయలేదు.

వ్యాన్‌లో ఇంజనీరుగారు తన కంబళి తీసి ఆయనకి కప్పి, కాఫీ రెండు చేతులతో పట్టుకుని ఇచ్చారు. ఆ రోజంతా ఆయన నోట మళ్ళీ జోకు రాలేదు. గైడమ్మాయికి ఇంజనీరుగారి భార్య మెల్లగా చెప్పింది, ఆ మాట ఎవరు ఎవరిని పిలిచే మాటో. తడిసి వణుకుతున్న ఆ పిల్ల, "అంటే నేను అంకుల్‌ని వాళ్ళ వైఫ్‌లా పిలిచానా?" అని మొహం కప్పేసుకుంది.

డాక్టర్‌గారు కాఫీ పూర్తిగా తాగాక మాట్లాడారు.

"నువ్వు ఏడవకు తల్లీ. నేనేం మతిపోయి వెళ్ళలేదు. మా నాయనమ్మ చెప్పేది, మనిషి కనపడకుండా పిలుపు వినపడితే వెంటనే పలకద్దురా, మూడుసార్లు పిలిస్తేనే పలుకు అని. మూడోసారికే పలికాను."

గైడమ్మాయి తలెత్తింది. "నేను ఒక్కసారే పిలిచా అంకుల్." వేళ్ళు మడుచుకుంది. "లూన్ టూ టైమ్స్. నేను ఒకటి. మూడు."

ఆయన ఆమె వేళ్ళ వైపు జాలిగా చూశారు.

"పక్షి ఏదో నాకు తెలుసమ్మా. వాటిని లెక్కలో వెయ్యలేదు."

మా వ్యాన్ డ్రైవర్ బండి స్టార్ట్ చేశాడు. ఎవరూ వెనక్కి తిరిగి చూడలేదు. ఆయన విన్నది ఏమిటని తర్వాత చాలామంది నన్నడిగారు. నేను వాదించను. ఆయన ప్రాణం నిలిచింది. ఒక దేవుడు నాచుని మునగనివ్వలేదు, ఒక పిల్ల బోర్లా పడి పాకింది, ఒక ఇల్లాలు తన మాట నాకు కాసేపు వాడుకోనిచ్చింది. ముగ్గురికీ నేను చెప్పుకోవలసింది ఒకే దండం.

ఇంటికి వెళ్ళి మావారికి అంతా చెప్పాను. ఆయన "నన్నెప్పుడైనా అంత ప్రాణం పెట్టి పిలిచావా?" అన్నారు. "మీరెప్పుడైనా నీళ్ళలోకి నడిచారా?" అన్నాను. నవ్వుకున్నాం. ఆ తర్వాత కొన్నాళ్ళు ఆయన్ని పిలవబోయి నేనే తడబడేదాన్ని.

డాక్టర్‌గారు ఇంక రారనుకున్నాం. వచ్చారు. ఆఫ్రికాకి బయల్దేరిన రోజు ఎయిర్‌పోర్ట్‌లో అదే బైనాక్యులర్‌తో అందరికన్నా ముందే నిలబడి ఉన్నారు. నన్ను చూసి తలూపారు కానీ ఆ ఉదయం ఊసెత్తలేదు.

అక్కడ ఒక సంగతి గమనించాను. ఎవరూ ఎవరికీ చెప్పలేదు, ముందుగా అనుకోనూ లేదు. కానీ ఆ ప్రయాణంలో మా ఆడవాళ్ళలో ఒక్కరూ ‘ఏమండీ’ అనలేదు. ఒకావిడ భర్తని ‘ఇదిగో’ అంది, ఇంకొకావిడ పిల్లలు పిలిచినట్టు ‘డాడీ’ అంది. ఇంజనీరుగారి భార్య అయితే పెళ్ళయ్యాక మొదటిసారి ఆయన్ని పేరు పెట్టి పిలిచింది. ఆయన "ఇంకెవర్నో పిలుస్తున్నట్టుందే" అని సిగ్గుపడ్డారు. జీపులో పేర్లు, డాడీలు, ఇదిగోలు. అడవుల్లో హార్న్‌బిల్ పక్షులు పసిపిల్లల్లా ఏడ్చేవి. అవి ఏడ్చినప్పుడల్లా అందరం అప్రయత్నంగా డాక్టర్‌గారి పక్కకి జరిగేవాళ్ళం. గైడమ్మాయి సరేసరి, ఆయన చెయ్యి అందేంత దూరం దాటి నడిచేది కాదు.

చివరి ఉదయం ఉప్పు సరస్సు ఒడ్డున ఫలహారానికి ఆగాం. నీళ్ళ మీద సన్నటి ఆవిరి. అవతలి ఒడ్డంతా రాజహంసలు, వేల గొంతులు కలిసి ఒకటే గొణుగుడు. డాక్టర్‌గారు మాకు కొంచెం ఎడంగా, నీటి అంచున నిలబడి చూస్తున్నారు. ఇంతలో చెట్టు మీదనుంచి ఒక కోతి దూకి ఇంజనీరుగారి భార్య ఒళ్ళో ఉన్న పులిహోర డబ్బా లాక్కుంది. ఆవిడ ఆగలేకపోయింది.

"ఏమండీ!"

మా దగ్గరున్న మగవాళ్ళందరూ తిరిగారు. డ్రైవర్లు కూడా తిరిగారు. ఆవిడ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. కోతి డబ్బాతో చెట్టెక్కిపోయింది, దాన్నెవరూ చూడలేదు. అందరం నీటి అంచు వైపే చూస్తున్నాం. గైడమ్మాయి అప్పటికే పరుగందుకుంది. నేను ఆమె వెనకాలే నడిచాను.

ఆయన కదల్లేదు. బైనాక్యులర్ కళ్ళమీదనుంచి దించలేదు. మా అడుగులు విని, సరస్సు వైపు చూస్తూనే మెల్లగా అన్నారు.

"ఈసారి నన్ను కాదులెండమ్మా."